సూది బెజ్జంలో గాజు పట్టీలు

రేవు, టికెట్ల గది
మంగళవారం, వాన వెలిశాక

మరదలు పిల్లా,

ఇది చదివేటప్పుడు పక్కన ఎవరూ లేకుండా చూసుకో. ముఖ్యంగా మీ ఇంటావిడ. నీకొచ్చిన కవర్లన్నీ వెలుతురుకి పెట్టి చూశాకే నీ చేతికిస్తుందని నువ్వే చెప్పావు.

ఫోన్ చెయ్యొచ్చుగా అంటావేమో. ఇక్కడ సిగ్నల్ దొరికేది రేవు చివర ఒక్కచోటే. అక్కడ నిలబడి ఈ మాటలు మాట్లాడితే నేను ఇంటికొచ్చేలోపే నా సంసారం రేవంతా తిరిగొస్తుంది.

సంగతేమిటంటే, మీ అన్నయ్య తన బట్టలు తనే ఉతుక్కుంటున్నాడు.

నవ్వకు. పెళ్ళైన దగ్గర్నుంచి జేబురుమాలు కూడా తడిపి ఎరగని మనిషి. ఇప్పుడు పడవ దిగి ఇంటికి రాగానే ఎవరో తరుముతున్నట్టు బాత్రూంలో దూరి, చొక్కా ఉతికి, తనే ఆరేసుకుని, దాని పక్కనే కాపలా కూర్చుంటున్నాడు. "ఏమయ్యా, ఏంటి కొత్త భాగోతం?" అంటే "నీకు పని తగ్గిద్దామని" అన్నాడు. నా ఒళ్ళు మండింది. పని తగ్గించేవాడైతే ముందు తిన్న పళ్ళెం తియ్యొచ్చుగా!

ఇంకా విను. సముద్రం వెనక్కి తీసిన వేళ చూసి చిన్న పడవేసుకుని ఒక్కడే వెళ్తున్నాడు. ఆ వేళప్పుడు యాత్రికులెవరూ ఉండరు, చేపలూ పడవు. తిరిగొచ్చేసరికి జుట్టు నిండా బూడిద రంగు దుమ్ము, గోళ్ళ సందుల్లో తెల్లగా ఏదో. అవతలి ఒడ్డున లాడ్జి పెట్టిన ఆవిడ ఉంది చూడు, మొహానికి ఇంత మందాన పౌడర్ రాసుకోకుండా చెత్తబుట్ట పారెయ్యడానికి కూడా బయటికి రాదు. ఆ తెలుపు ఎక్కడ అంటిందో నేను నోరు విప్పి చెప్పాలా?

ఇంకో మాట. బుడ్డిని పడవెక్కనివ్వడం లేదు. సెలవు రోజుల్లో అది ముందు సీట్లో కూర్చుని యాత్రికులకి సముద్రంలో రాళ్ళ గురించి చెప్తుంది కదా. "ఇవిగో తోడికోడళ్ళు, ముగ్గురూ ఒకే చోట ఉంటారు, ఒకరి మొహం ఒకరు చూసుకోరు" అని అది చేతులు తిప్పుతుంటే జనం పడీ పడీ నవ్వుతారు. తర్వాత పడవ సూది బెజ్జం రాయి కంతలోకి వెళ్తుంటే "ఇప్పుడు మా నాన్న సూదిలో దారం ఎక్కిస్తాడు, అందరూ తలలు వంచండి" అంటుంది. తల వంచక్కర్లేదు, ఆ కంత ఇల్లంత ఎత్తుంటుంది. అయినా అందరూ వంచుతారు. ఇప్పుడేమో ఒకరోజు గాలెక్కువ అంటాడు, ఒకరోజు హోంవర్క్ అంటాడు. అసలు సంగతి నాకు తెలీదా? పిల్ల చూస్తుంది, చూసింది నాకు చెప్తుంది, అదీ భయం.

ఆమధ్య పంటి నొప్పికని మీ ఊరొచ్చి నీ దగ్గర ఉండి వెళ్ళాడు కదా. అప్పుడు నీతో ఏమైనా అన్నాడా? అన్నయ్యని వెనకేసుకు రాకుండా ఉన్నది ఉన్నట్టు రాయి.

నీ వదిన

*

కొండ కింద, రాళ్ళ ఆఫీసు
శుక్రవారం

వదినా,

నీ ఉత్తరం చదువుతూ నేను నవ్విన నవ్వుకి ఇంటావిడ తలుపు కొట్టి "ఏంటమ్మాయ్, సంబంధం కుదిరిందా?" అని అడిగింది. మా అన్నయ్య మీద మనసు పడే ఆడమనిషి ఇంకొకత్తె ఈ లోకంలో ఉందంటే ముందు నేను చూడాలి. ఆ గురకకి నువ్వు గనక సర్దుకుపోయావు.

ఇక్కడ ఉన్నన్నాళ్ళూ పంటి మీద చెయ్యి వేసుకుని నా వెంటే తిరిగాడు. నా పని చూస్తానన్నాడు. ఇన్నేళ్ళకి మా అన్నయ్యకి నా ఉద్యోగం మీద ఆసక్తి పుట్టిందని నేనెంత మురిసిపోయానో! చిన్నప్పట్నుంచీ "రాళ్ళకి జ్వరం చూసే డాక్టరమ్మ" అని ఏడిపించినవాడు, మా కునికే తాత దగ్గరికి ఎక్కొచ్చి గంటలకి గంటలు నిలబడ్డాడు.

కునికే తాత నీకు గుర్తున్నాడా? కొండ అంచు మీద, కింద రాయికి పీటంత మేర కూడా ఆనకుండా కూర్చున్న గుండు. చూస్తే ఇప్పుడే కునికిపాటు పడి కింద వీధిలోకి దొర్లేట్టుంటాడు. కింద క్షవరం షాపు, టైలరు, ఇస్త్రీ బండి, పైన ఇళ్ళు. అందుకే ఆ కింద రాయిలో ఉన్న చీలిక మీద గాజు పట్టీలు అతికిస్తాం. వేలంత వెడల్పు సన్న గాజు ముక్క, చీలికకి ఈ పక్క కాస్త ప్లాస్టరు, ఆ పక్క కాస్త ప్లాస్టరు. రాయి వెంట్రుక వాసి కదిలినా గాజు టక్కున విరుగుతుంది. విరిగితే ఇంక వెనకాముందూ చూడకుండా వీధి ఖాళీ చేయించాలి. ఇదంతా అన్నయ్య అడిగి అడిగి చెప్పించుకున్నాడు. ప్లాస్టరు ఎంత పల్చగా కలపాలో కూడా.

మంచి మూడ్‌లో లేను వదినా. ఎప్పుడు పోయిందో గానీ నా బీరువాలోంచి గాజు పట్టీల డబ్బా మాయమైంది. మూత మీద నేనే పిచ్చుక బొమ్మ అతికించుకున్న నీలం డబ్బా. ఆఫీసులో నన్నే నిలదీస్తున్నారు. నాకు మాత్రం క్షవరం షాపాయన మీదే అనుమానం. వీధి ఖాళీ చేయించే రోజు వస్తే ముందు పోయేది ఆయన షాపే కదా. పట్టీలు లేకపోతే కొలిచేవాళ్ళుండరని ఎత్తుకుపోయి ఉంటాడు. నిన్న నలుగురిలో అడిగేశాను కూడా. చేతిలో కత్తెర అలాగే పట్టుకుని నావైపు చూస్తూ ఉండిపోయాడు. తప్పు లేనివాడైతే ఒక్క మాటైనా అనేవాడు కదా!

సరే, నీ సంగతి. ఆ తెలుపు పౌడరేనా? నీళ్ళు తగిలితే కరిగిపోతోందా, గట్టిపడుతోందా? దుమ్ము ఒట్టి ఇసకలా ఉందా, పిండిలా ఉందా? అన్నయ్యని ఏమీ అడగొద్దు. చూసి నాకు రాయి.

నీ మరదలు

*

రేవు, ఇల్లు
సోమవారం

మరదలా,

నేను అడిగింది ఆడమనిషి సంగతి. నువ్వు అడిగేది పిండి సంగతి. మొగుడి మీద అనుమానంతో అన్నం సయించక నేను రాస్తే, నీళ్ళలో కరుగుతుందా గట్టిపడుతుందా అని ప్రశ్నలు. అప్పుడే నా మనసులో ముల్లు గుచ్చుకుంది.

ముందు లాడ్జికెళ్ళాను. దుప్పట్లు అమ్మకానికున్నాయేమో అడిగే వంకతో. పౌడరావిడ మెట్ల మీదే ఎదురొచ్చింది. నేను నోరు తెరిచేలోపే "అమ్మయ్య, మీరైనా వచ్చారు! మీ ఆయన నిచ్చెన అడిగి పట్టుకెళ్ళి ఎన్నాళ్ళైందండీ? నా నీళ్ళ టాంకు కడగడానికి కుర్చీ మీద కుర్చీ వేసుకుని ఎక్కుతున్నాను. ఇలా అయితే ఎలా?" అని నన్నే వాయించేసింది. ఆవిడ మొహంలో నా మొగుడి మీద కోపం తప్ప ఇంకేమీ కనబడలేదు. ఆ కోపం ఎలాంటిదో నాకు బాగా తెలుసు, రోజూ నాకుండేదే. క్షమించమని చెప్పి, అవసరం లేని దుప్పటొకటి కొనుక్కుని వచ్చాను.

నిచ్చెనతో సముద్రంలో ఏం పని? ఇంటికి రాకుండా నేరుగా చిన్న పడవ దగ్గరికెళ్ళాను. సీటు కింద పెట్టె ఉంటుంది, తాళ్ళూ గుడ్డపేలికలూ పెట్టుకునేది. దానికి ఈమధ్య తాళం వేస్తున్నాడు. తాళంచెవి ఎక్కడ దాస్తాడో తెలుసుకోలేకపోతే ఇన్నేళ్ళు కాపురం చేసి ఏం లాభం? తీశాను. లోపల ప్లాస్టరు సంచి, చిన్న తాపీ, దాని కింద పేలికల్లో చుట్టి నీలం డబ్బా. మూత మీద పిచ్చుక.

ఇప్పుడు చెప్పు. దొంగలెత్తుకుపోయిన డబ్బా మా పడవలోకి ఎగిరొచ్చిందా? పోయిందని నాకెందుకు రాశావు? అన్నాచెల్లెళ్ళిద్దరూ కలిసి ఏం నాటకం ఆడుతున్నారు? పంటి నొప్పి కూడా నాటకమేనా? నేను పరాయిదాన్నా? ఈ ఇంట్లో అందరికీ అన్నీ తెలుసు, నేనొక్కదాన్నే టికెట్లు చింపుకుంటూ కూర్చున్నాను.

నీకు ఉత్తరం రాయొద్దనే అనుకున్నాను. కానీ కడుపు ఉబ్బిపోతోంది, ఎవరికి చెప్పుకోను?

వదిన

*

రాళ్ళ ఆఫీసు
గురువారం

వదినా,

ఆ డబ్బా నేనివ్వలేదు. మా అమ్మ మీద ఒట్టు.

ఇంకేం రాయాలో తెలియడం లేదు. ఒక్కటే చెప్తాను. బుడ్డిని పడవెక్కించకు. అన్నయ్యే పిలిచినా వద్దు. జలుబని చెప్పు, ఇంకేదైనా చెప్పు. నువ్వు కూడా ఎక్కకు.

ఎందుకని ఇప్పుడే అడగొద్దు. నేననుకుంటున్నది తప్పు కావాలని కోరుకుంటున్నాను. మీ సూది బెజ్జానికి కూడా మా శాఖవాళ్ళే గాజు పట్టీలు పెట్టారని నీకు తెలుసా? మీ తీరం ఆఫీసు వేరు, నాకు అక్కడ అధికారం లేదు. ఆ కాగితాలు చూడనివ్వమని అడిగాను. చూశాక రాస్తాను.

మరదలు

*

రేవు, ఇల్లు
ఆదివారం

అమ్మాయ్,

అడగొద్దంటే ఊరుకుంటానని ఎలా అనుకున్నావు? నా పిల్లని పడవెక్కించొద్దని రాసి, ఎందుకో చెప్పకుండా సంతకం పెడతావా! నీ ఉత్తరం వచ్చిన పూటే పీతలామెని బతిమాలి ఆమె తెడ్ల పడవలో సూది బెజ్జానికి వెళ్ళాను. పీతలు పట్టుకుని బతికే మనిషి, నీళ్ళు తీసిన వేళ ఆ రాళ్ళన్నీ ఆమె ఇల్లే.

ఎన్నిసార్లు ఆ కంత కింద నుంచి పోయానో, తలెత్తి లోపలి కప్పు చూసింది ఎప్పుడూ లేదు. ఎదురుగా వెలుగు వస్తుంటే అటే చూస్తాం కదా. కప్పు మధ్యలోంచి మొదలై, ఎడమ గోడ మీదుగా నీళ్ళ దాకా నల్లటి చీలిక. నా చెయ్యి పడుతుంది అందులో. దాని మీద అడుగడుగునా గాజు పట్టీలు. ఒక్కటీ విరగలేదు. చూసి హమ్మయ్య అనుకున్నాను.

అనుకున్నాక బుర్ర పని చేసింది. మా ఇంటి కిటికీ అద్దం తుడిచిన మర్నాటికే ఉప్పు పట్టి మసకబారుతుంది. అలలు తగిలే చోట ఉన్న ఈ గాజులు అప్పుడే షాపులోంచి తెచ్చినట్టు ఎలా ఉన్నాయి? ప్లాస్టరు మీద తడి ఇసక అద్ది పాతదానిలా చేశాడు. గోకితే లోపల పాలలా తెల్లగా ఉంది. ఈలోపు పీతలామె రాళ్ళ సందులోంచి చెయ్యి తీసి నా ముందు పెట్టింది. అరచేతి నిండా విరిగిన గాజు పెంకులు. "మీ ఆయనకి చెప్పమ్మా. విరిగినవన్నీ ఇక్కడే పారేస్తాడు. నా కాళ్ళు కోసుకుపోతున్నాయి. అడిగితే ఆఫీసువాళ్ళ పని చేస్తున్నా అంటాడు" అంది.

కునికే తాత గురించి నువ్వు రాసిందంతా అప్పుడు గుర్తొచ్చింది. విరిగితే వెనకాముందూ చూడకుండా ఖాళీ చేయించాలని. ఇవి విరుగుతున్నాయి. మీ అన్నయ్య విరిగినప్పుడల్లా కొత్తవి అతికిస్తున్నాడు. తీరం ఆఫీసరు వచ్చి, కింద నుంచి చూసి, అన్నీ బాగున్నాయని రాసుకుని, మా పడవలోనే ఎక్కి ఫోటో దిగి వెళ్తున్నాడు.

తిరిగొస్తుంటే ఇంకోటి తట్టింది. అది తట్టకపోయినా బావుండేది. దుమ్ముతో ఇంటికొచ్చిన ప్రతిసారీ ఆ వారం బుడ్డిని పడవెక్కనివ్వలేదు. గాలి, హోంవర్కు, అన్నీ ఆ రోజులే. పిల్ల ఏదో చూసి నాకు చెప్తుందని కాదు. ఆ రాయి కిందికి దాన్ని తీసుకెళ్ళడానికి ఆయనకి భయం. మన పిల్లని ఒడ్డు మీద దింపి, టికెట్టు కొన్నవాళ్ళ పిల్లల్ని ఎక్కించుకున్నాడు. ఆ టికెట్లు చింపి ఇచ్చింది నేను.

లాడ్జి ఆవిడైనా బావుండేది. నిజంగా చెప్తున్నాను. తిట్టుకునేదాన్ని, ఏడ్చేదాన్ని, తర్వాత ఏదో ఒకటి చేసుకునేదాన్ని.

అది ఎన్నాళ్ళు నిలబడుతుంది? అది చెప్పు. వచ్చే ఆదివారం నుంచి సెలవులు. ఆ రోజు రేవంతా జనమే.

వదిన

*

రాళ్ళ ఆఫీసు
బుధవారం, అర్జెంటు పోస్టు

వదినా,

ఎన్నాళ్ళు నిలబడుతుందో నాకు తెలియదు. ఎవరికీ తెలియదు. అన్నయ్య చేసిన దారుణం అదే. గాజు విరిగితే దాన్ని అలాగే ఉంచి, చీలిక అప్పట్నుంచి ఎంత విచ్చుకుందో కొలుస్తూ పోవాలి. కొత్తది అతికిస్తే అప్పటిదాకా రాయి కదిలిన కదలికంతా తుడిచేసినట్టే. పోయిన సెలవుల నుంచి రాయి ఎంత జరిగిందో చెప్పగలిగేవి ఆ విరిగిన పట్టీలే. అవి పీతలామె కాళ్ళ కింద ఉన్నాయి.

మీ తోడికోడళ్ళ గురించి బుడ్డికి చెప్పని మాటొకటి ఉంది. ఆ మూడు రాళ్ళూ పుట్టుకతో విడివిడిగా లేవు. ఒక రాతి గోడ సముద్రంలోకి చొచ్చుకుని ఉండేది. అల అడుగున కొడుతుంది, ఇసకతో రుద్దుతుంది, మెత్తగా ఉన్నచోట గుహ తవ్వుతుంది. అటూ ఇటూ గుహలు కలిస్తే కంత. కంత పెద్దదైతే ఒకరోజు పైకప్పు పడిపోతుంది, కాళ్ళు మాత్రం మిగులుతాయి. ఆ తోడికోడళ్ళ మధ్య మీరు పడవ తిప్పుతున్న ఖాళీలన్నీ ఒకప్పటి సూది బెజ్జాలే. ఇదీ అలాగే పోతుంది. ఈ ఏడా, నా మనవల కాలానా అన్నదే ప్రశ్న. ఆ ప్రశ్నకి జవాబు చెప్పేవాటినే వాడు మార్చేశాడు.

నేను రిపోర్టు రాసేశాను. వాడి పేరు, వాడు నాకేమవుతాడో, నా బీరువాలోంచి డబ్బా ఎలా పోయిందో, అన్నీ రాశాను. రెండుసార్లు కొట్టేసి మళ్ళీ రాశాను వదినా. నాకు సైకిలు నేర్పినవాడు. పంటి నొప్పితో మా గుమ్మంలో దిగితే నేను పరుపు వాడికిచ్చి చాప మీద పడుకున్నాను. ఆ పూటే నా బీరువా తెరిచాడేమో.

మా ఆఫీసు కాగితం మీ తీరం ఆఫీసుకి చేరి, అక్కడివాళ్ళు కదిలి, రేవుకి తాళం వేసేసరికి ఆదివారం దాటిపోతుంది. ఫోన్లు చేశాను. "పరిశీలిస్తాం" అన్నారు. ఈలోపు అక్కడ ఉన్నది నువ్వే.

అన్నయ్య మంచివాడని నీకు చెప్పాలని ఉంది. ఎలా చెప్పాలో తెలియడం లేదు.

నీ మరదలు

*

రేవు, టికెట్ల గది
ఆదివారం సాయంత్రం

అమ్మాయ్,

నిన్న పొద్దున టీ ముందు పెట్టి అడిగాను. దాపరికం లేకుండా, డబ్బా కూడా బల్ల మీద పెట్టి. ముందు బుకాయించాడు. తర్వాత "అది పడే రాయి కాదే. మా నాన్న చేతిలో తెడ్డున్నప్పట్నుంచీ చూస్తున్నా. ఆ ఆఫీసులవాళ్ళకి గాజులంటే పిచ్చి. బెజ్జం మూసేస్తే ఈ రేవుకి ఎవడొస్తాడు? తోడికోడళ్ళ మొహాలు చూడ్డానికి వస్తారా? మనమొక్కళ్ళమా, పడవలు కట్టే తాళ్ళాయన, కూల్‌డ్రింకులామె, అందరి పొయ్యి ఆరిపోతుంది" అన్నాడు.

అదీ నిజమే. నాకు తెలీదా! అయినా ఒక్క మాట అడిగాను. "పడే రాయి కాకపోతే బుడ్డినెందుకు దింపావ్?"

టీ గ్లాసు చేతిలోకి తీసుకున్నాడు. మళ్ళీ అడిగాను. గ్లాసు తిప్పుతూ తిప్పుతూ, "అది మన పిల్ల కదే" అన్నాడు.

నేను డబ్బాకి మూత పెట్టి లేచాను.

ఈ పొద్దున జనం విరగబడ్డారు. నేను టికెట్ల కిటికీ తెరవలేదు. మీ అన్నయ్య టికెట్ల పుస్తకం నా చేతిలోంచి లాక్కుని తనే అమ్మేశాడు. వచ్చినవాళ్ళకి చెప్పబోతే తాళ్ళాయన అడ్డమొచ్చి "పొద్దున్నే మొగుడూపెళ్ళాల గొడవ, మీరు ఎక్కండి సార్" అని నవ్వించేశాడు. ఎవరూ నా మాట వినలేదు. అందరూ నారింజ రంగు జాకెట్లు కట్టుకుంటున్నారు. ఒక కవల పిల్లల తల్లి, కొత్తగా పెళ్ళైన జంట, కర్ర పట్టుకున్న ఒక ముసలాయన.

నువ్వు వద్దన్నావు. అయినా ఎక్కించాను. తిట్టుకో. బుడ్డికి జాకెట్టు వేసి ముందు సీట్లో కూర్చోబెట్టి, నేను వెళ్ళి ఇంజను పక్కన కూర్చున్నాను. ఆపే తాడు నా చేతికందేలా. ఆయన ఆపకపోతే నేనే లాగేద్దామని. అంత మతిలేనిదాన్నైతే కాదు.

పిల్ల కనబడగానే మీ అన్నయ్య మొహం మాడిపోయింది. "దింపు దాన్ని" అన్నాడు పళ్ళ మధ్య నుంచి. "ఎందుకు? పడే రాయి కాదుగా" అన్నాను. అందరూ వింటున్నారు. ఇంజను వేశాడు. ఒడ్డున ఉండగా ఒప్పుకోవడానికి రోషం అడ్డమొచ్చింది.

బుడ్డి సంబరంగా అన్నీ చెప్పుకుంటూ వచ్చింది. జనం నవ్వారు. తోడికోడళ్ళు దాటాం. సూది బెజ్జం ఎదురుగా వచ్చింది. అందరూ ఫోన్లు పైకెత్తారు. "ఇప్పుడు మా నాన్న..." అని బుడ్డి మొదలుపెట్టేసరికి ఇంజను చప్పుడు ఆగిపోయింది. తాడు నేను ముట్టుకోలేదు. ఆయనే ఆపాడు. రాయి నీడ ఇంకా పడవకి తగల్లేదు.

"ఏమైందండీ, డీజిలు అయిపోయిందా?" అన్నాడు కొత్త పెళ్ళికొడుకు.

"లేదు. లోపలికి పోను" అన్నాడు.

"టికెట్టు మీద లోపలికని ఉందిగా?"

"రాయి చీలింది. ఎప్పట్నుంచో చీలింది. నాకు తెలుసు" అన్నాడు. ఆ కవలల తల్లి పిల్లలిద్దర్నీ ఒళ్ళోకి లాక్కుని ఆయన వైపు చూసిన చూపుంది చూడు, నేను తలెత్తలేకపోయాను. బుడ్డి మాత్రం వాళ్ళ నాన్ననే చూస్తూ ఉంది.

రేవులో మిగతా పడవలవాళ్ళకి కూడా తనే చెప్పాడు. తాళ్ళాయన కొట్టడానికి వచ్చాడు. కూల్‌డ్రింకులామె నా మొహం మీదే మట్టి పోసింది. నిజంగానే, రెండు దోసిళ్ళు. తుడుచుకుని ఇంటికొచ్చాను.

వదిన

*

రాళ్ళ ఆఫీసు
శనివారం

వదినా,

నీ ఉత్తరం చదివి చాలాసేపు నిన్ను తిట్టుకున్నాను. తర్వాత ఏడ్చాను.

మీ తీరం ఆఫీసువాళ్ళు ఎట్టకేలకు కదిలారు కదా. ఇక్కడికి కబురొచ్చింది. గాజులు తీసేసి కదలిక కొలిచే మిషను బిగించారట, ఏడాదిపాటు బెజ్జం మూత. ఏడాది తర్వాత ఏం చెప్తారో వాళ్ళకీ తెలియదు. అన్నయ్య పడవ లైసెన్సు పోయింది. నాకు మెమో ఇచ్చారు, బీరువాకి తాళం వెయ్యనందుకు.

క్షవరం షాపుకి వెళ్ళాను. నలుగురున్న వేళ చూసే వెళ్ళాను, అన్నది నలుగురిలో కాబట్టి. డబ్బా మా అన్నయ్యే తీశాడని చెప్పాను. ఆయన గడ్డం గీస్తున్నవాడు గీస్తూనే "మీరు అనుమానపడ్డప్పుడు నాకు కోపం రాలేదమ్మా. ఆ పూట నుంచి నా దగ్గరికొచ్చే జనం తగ్గారు, అదే కష్టంగా ఉంది" అన్నాడు. దానికి నేనేం చెయ్యగలను? ఇంటావిడ కొడుకుని బతిమాలి అక్కడికి పంపుతున్నాను.

అన్నయ్య నాతో మాట్లాడతాడా? అడిగి రాయి. వద్దంటే వద్దన్నాడనే రాయి.

నీ మరదలు

*

రేవు, ఇల్లు
గురువారం, పొద్దున

అమ్మాయ్,

అడిగాను. మాట్లాడతాననీ అనలేదు, మాట్లాడననీ అనలేదు. "నా పన్ను బాగైందని దానికి రాయి" అన్నాడు. అర్థం నువ్వే చేసుకో.

పడవ షెడ్డులో కూలికి వెళ్తున్నాడు. చొక్కా నేనే ఉతుకుతున్నాను. బెజ్జం అలాగే నిలబడి ఉంది. రోజూ లేవగానే కిటికీలోంచి చూస్తాను. పడితే మనం చెప్పింది నిజమవుతుంది, నిలబడితే మీ అన్నయ్యది నిజమవుతుంది, ఈ రేవులో అందరూ అలాగే చూస్తున్నారు. నాకైతే పడిపోవాలని ఉందో నిలబడాలని ఉందో తెలియడం లేదు. ఎదురుపడితే తాళ్ళాయన మొహం తిప్పుకుంటున్నాడు. కూల్‌డ్రింకులామె షాపు కట్టేసి చెల్లెలి ఊరెళ్ళిపోయింది.

ఆయన మారాడనే అనిపిస్తోంది. రెండు పూటలా పళ్ళెం కూడా తీస్తున్నాడు. ఎక్కడికెళ్తున్నావని నేను అడగడం మానేశాను. అనుమానం పోయిందనే అనుకున్నాను.

సెలవులయ్యాయి కదా, ఈ పొద్దున బుడ్డి బడికి బయల్దేరుతుంటే, చెప్పులేసుకుంటూ మామూలుగా అన్నాడు. "ఇవాళ గోడౌను సందులోంచి వెళ్ళకు తల్లీ, చుట్టూ తిరిగి వెళ్ళు." అంతే. ఏ తండ్రైనా అనే మాటే. నాకు మాత్రం గాలెక్కువ అన్న రోజులే గుర్తొచ్చాయి. పొయ్యి మీది గిన్నె అలాగే వదిలేసి సందులోకి పరిగెత్తాను. గోడ తట్టి చూశాను. పైన రేకులు చూశాను, కరెంటు తీగలు చూశాను. ఏమీ లేదు. మలుపు దగ్గర రోడ్డువాళ్ళు తారు పోశారు, ఇంకా ఆరలేదు. పిల్ల చెప్పులు పాడవుతాయని చెప్పాడు, అంతే!

అయినా నేను ఇంటికి రాలేకపోయాను. బడి గంట కొట్టేదాకా సందు మొదట్లో చేతులు అడ్డం పెట్టి నిలబడి, వచ్చిన పిల్లల్నందర్నీ "ఇటు కాదు, చుట్టూ తిరిగి వెళ్ళండి" అని పంపించాను. ఎందుకని అడిగారు. నాకే తెలియదు, ఏం చెప్పను? తాళ్ళాయన చిన్న కొడుకు కూడా వచ్చాడు. వాణ్ణి చెయ్యి పట్టుకుని నేనే చుట్టూ తిప్పి బడి దగ్గర దింపాను.

గిన్నె మాడిపోయింది, తోమడానికి లేస్తున్నాను. వీలు చూసుకుని ఒకసారి రా.

నీ వదిన